మంత్రిగారూ, ఆ ఒక్క పేజీ సంగతి ఏం చేశారు?

విద్యాశాఖ మంత్రి గారికి,

నమస్కారాలు. టీచర్ల కరదీపికలో కథల గురించి ఒక్క పేజీ చేర్చమని అడుగుతూ రాస్తున్న నా నాలుగో ఉత్తరం ఇది. మొదటి మూడూ మీ పేషీకి చేరినట్టు రసీదులున్నాయి. జవాబు మాత్రం ఒక్కదానికే వచ్చింది: "మీ వినతిని సంబంధిత విభాగానికి పంపడమైనది." ఆ విభాగం ఏదో చెప్తే నేనే వెళ్లి అడుక్కుంటాను.

మీరు బడులకు పంపిన కథల పుస్తకాల గురించే. పోయిన వారం నాలుగో తరగతిలో స్నో వైట్ కథ, అదే, సవతి తల్లి విషం పెట్టిన యాపిల్ ఇచ్చే కథ చదివిస్తున్నాను. ఒక పాప గడగడా చదువుకుంటూ వచ్చి "సవతి తల్లి" దగ్గర ఆగిపోయింది. ఆ మాట మీద బొటనవేలు పెట్టి మూసేసి, తర్వాతి మాట నుంచి అందుకుంది. ఆ పాపని పెంచుతున్నది పిన్ని, అంటే సవతి తల్లే. రోజూ జడలు వేసి, గేటు దాకా వచ్చి దింపి వెళ్లేది ఆవిడే. వెనక బెంచీలోంచి ఒకడు "మీ పిన్ని కూడా యాపిల్ ఇస్తుందా?" అన్నాడు. క్లాసంతా ఒకటే నవ్వు. వాణ్ణి కసిరాను. కానీ వాడి చేతికి ఆ పుస్తకం ఇచ్చింది మనమే కదా సార్!

"అవి క్లాసిక్స్ అండీ, వాటి జోలికి పోకూడదు" అని ఒక అధికారి ఫోన్లో సెలవిచ్చారు. ముందు జోలికి పోయింది ఈ కథల్ని సేకరించి అచ్చేసిన జర్మన్ అన్నదమ్ములు, గ్రిమ్ సోదరులే. 1812లో వాళ్లు అచ్చేసిన కథలో స్నో వైట్‌ని చంపించబోయింది కన్నతల్లి. కన్నతల్లి అంత పని చేస్తే బాగుండదనుకున్నారో ఏమో, 1819 ముద్రణకి ఆమెను సవతి తల్లిని చేశారు. హాన్సెల్, గ్రెటెల్ అనే అన్నాచెల్లెళ్ల కథలోనూ తర్వాత అదే జరిగింది. అమ్మ పరువు నిలబడింది, నింద పిన్ని నెత్తిన పడింది. రెండు వందల ఏళ్లు దాటినా ఇంకా మోస్తూనే ఉంది.

పుస్తకాలు తీసేయమని నేనెప్పుడూ అనలేదు. నాకూ ఇష్టమే, అద్దం మాట్లాడే చోట ఇప్పటికీ గొంతు మార్చి చదువుతాను. గుట్టుగా మాటలు మార్చి అచ్చేయమనీ అనలేదు. టీచర్ల కరదీపికలో ఒక్క పేజీ అడిగాను: కథ ఎప్పటిది, ఎవరు ఏం మార్చారు, చదివాక పిల్లల్ని ఏం అడగాలి. అంతే. పుస్తకాలకు నంబర్లు ఎలా వేయాలో మాకు రోజంతా శిక్షణ ఇచ్చారు, చాలా సంతోషం. లోపల ఏముందో మాట్లాడుకోవడానికి ఒక గంట దొరకలేదా?

వచ్చే వారం సిండ్రెల్లా వంతు. అందులోనూ సవతి తల్లే. అందులో ఆ మాట ఎన్నిసార్లు వస్తుందో లెక్కపెట్టాను, ఆ పాపకి వేళ్లు చాలవు. దయచేసి ఈసారి రసీదు వద్దు, జవాబు ఇప్పించండి.

ఇట్లు,
ఒక ప్రాథమిక పాఠశాల టీచర్