స్లో కుక్కర్ మంచిదే, రాజ్మా మాట సరిదిద్దండి

సంపాదకులకు,

అయ్యా,

పోయిన ఆదివారం మీ అనుబంధంలో స్లో కుక్కర్ మీద, అంటే తక్కువ వేడితో గంటల తరబడి వండే కరెంటు పాత్ర మీద, అర పేజీ వ్యాసం వేశారు. పొద్దున్నే మాంసం, కూరగాయలు, రాత్రంతా నానిన రాజ్మా, ఉప్పు, కారం, మసాలా అన్నీ ఒకేసారి గిన్నెలో వేసి, స్విచ్చి వేసి ఆఫీసుకు వెళ్లిపోతే సాయంత్రం వచ్చేసరికి ఇంటిల్లిపాదికీ కూర తయారని, పైగా కరెంటు కూడా ఆదా అని అందులో ఉంది. చదివి మా ఆవిడ "మీ గురించే రాసినట్టున్నారు" అని నవ్వింది. నాకు మాత్రం ఆ రాజ్మా మాట దగ్గర నవ్వు రాలేదు.

నేను పాలిటెక్నిక్‌లో ఎలక్ట్రికల్ బోధించి రిటైరైనవాణ్ని. మా ఆవిడ ఇప్పటికీ జూనియర్ కాలేజీకి వెళ్లి పాఠాలు చెబుతోంది కాబట్టి రాత్రి వంట నా డ్యూటీ. స్లో కుక్కర్ మా వంటింట్లో కొన్నేళ్లుగా ఉంది. ఆదివారం మాంసం చాలావరకు అందులోనే ఉడుకుతుంది. ఆ పాత్ర మీద నాకు కోపమేమీ లేదని ముందే చెప్పడానికి ఇదంతా రాశాను.

ఎర్ర రాజ్మా గింజల్లో ఫైటోహీమాగ్లుటినిన్ అనే విషపదార్థం సహజంగానే ఉంటుంది. పచ్చివి నాలుగైదు గింజలు కడుపులోకి వెళ్లినా చాలు, ఒకటి నుంచి మూడు గంటల్లో వాంతులు మొదలవుతాయని, తర్వాత విరేచనాలు పట్టుకుంటాయని అమెరికా ఆహార, ఔషధ నియంత్రణ సంస్థ ఎప్పటినుంచో చెబుతోంది. తెర్లే (మరిగే) నీళ్లలో ఉడికిస్తే ఆ విషం విరిగిపోతుంది. స్లో కుక్కర్‌లో నీళ్లు గంటల తరబడి తెర్లవు. వేడి 80 డిగ్రీల దగ్గరే చాలాసేపు ఉండిపోతే విషం పోకపోగా, పచ్చి గింజల్లో ఉన్నదానికన్నా పెరగవచ్చునని కూడా అదే సంస్థ హెచ్చరిస్తోంది. గింజ మాత్రం వేలితో నొక్కితే మెత్తగా ఉంటుంది. తినేవాడికి ఉడికిందనే అనిపిస్తుంది, అనుమానం రాదు. రాత్రంతా నానబెట్టడం ఒక్కటే సరిపోదు. నానిన నీళ్లు పారబోసి, కొత్త నీళ్లు పోసి, పొయ్యి మీద 30 నిమిషాలు తెర్లించాకే స్లో కుక్కర్‌లో వేయాలి. లేదా ప్రెషర్ కుక్కర్‌లో ఉడికించి, చివర్లో కూరలో కలుపుకోవాలి. మీ వ్యాసంలో ఈ సంగతి ఒక్క ముక్క లేదు. దాన్ని చూసి ఎవరైనా అలాగే వండుకుని ఉంటే ఏమవుతుందోనని నాకు నిజంగా దిగులు పట్టుకుంది.

ఇక కరెంటు ఆదా. నా దగ్గర ఉన్నది ఆరు లీటర్లది, అడుగున 240 వాట్లు అని ముద్రించి ఉంది. 'హై' మీద నాలుగు గంటలు నడిస్తే దాదాపు ఒక యూనిట్ కాలుతుంది. 'లో' మీద 180 వాట్ల చొప్పున ఎనిమిది గంటలైతే సుమారు 1.4 యూనిట్లు. అదే మాంసం ఇండక్షన్ పొయ్యి మీద ప్రెషర్ కుక్కర్‌లో వండితే అర యూనిట్‌కు కాస్త అటూ ఇటూ. వాట్లు తక్కువని చూసి గంటలు లెక్కపెట్టకపోవడం మా విద్యార్థులు మొదటి సంవత్సరంలో చేసే పని. స్లో కుక్కర్‌తో మిగిలేది కరెంటు కాదు, మన కాళ్లకు కాస్త విశ్రాంతి. పొయ్యి దగ్గర నిలబడి విజిళ్లు లెక్కపెట్టే పని ఉండదు. ఎండాకాలంలో హనుమకొండలో ఆ విశ్రాంతికి ఒకటిన్నర యూనిట్ ఇవ్వడం నాకు కష్టంగా అనిపించదు.

దీని పుట్టుక తెలిస్తే మనవాళ్లు ఎక్కడ జాగ్రత్త పడాలో తెలుస్తుంది. షికాగోలో ఉండే ఇర్వింగ్ నాక్సన్ అనే ఇంజనీరుకు 1940లో దీని మీద పేటెంటు వచ్చింది. లిథువేనియా నుంచి వచ్చిన ఆయన తల్లి వైపు కుటుంబంలో చోలెంట్ అనే యూదుల వంటకం గురించి చెప్పుకునేవారు. యూదులు శనివారం పూట నిప్పు రాజేయరు. అందుకని శుక్రవారం పొద్దుగూకకముందే మాంసం, గింజలు, దుంపలు కుండలో సర్ది ఊళ్లోని రొట్టెల బట్టీలో పెట్టి వచ్చేవారు. మర్నాటి భోజనానికి తీసుకెళ్లేవారు. నాక్సన్ వ్యాపారాన్ని 1970లో రైవల్ అనే కంపెనీ కొనుక్కుని, మరుసటి ఏడు క్రాక్‌పాట్ పేరుతో బజారులో పెట్టింది. అక్కడ ఆడవాళ్లు పెద్ద ఎత్తున ఉద్యోగాలకు వెళ్తున్న రోజులవి, బాగా అమ్ముడుపోయింది. అయితే బట్టీకి, ఈ కరెంటు పాత్రకు ఒక తేడా ఉంది. రొట్టెలు కాల్చిన బట్టీ మొదట భగభగలాడుతూ ఉండి తెల్లవారేలోపు మెల్లగా చల్లారుతుంది. కరెంటు పాత్ర చల్లగా మొదలై మెల్లగా వేడెక్కుతుంది. మాంసం మీది సూక్ష్మజీవులు 4 డిగ్రీల నుంచి 60 డిగ్రీల మధ్య వేగంగా పెరుగుతాయి. ఆ మధ్యకాలాన్ని ఎంత తొందరగా దాటిస్తామన్నదే దీంతో వండేవాళ్లు చూసుకోవాల్సింది.

అమెరికాలో వోల్టేజి ఎప్పుడూ ఒక్కలాగే ఉంటుందన్న నమ్మకంతో రాసిన వంట సూచనలను మనం ఎత్తి రాసుకుంటున్నాం. మన దగ్గర సాయంత్రం లో వోల్టేజీ వచ్చి 230 కాస్తా 180కి దిగిందనుకోండి. వేడి వోల్టేజి వర్గాన్ని (వోల్టేజిని దాంతోనే గుణిస్తే వచ్చేదాన్ని) బట్టి ఉంటుంది గనుక పాత్రకు అందేది నూటికి 61 వంతులే. ఎనిమిది గంటల వంటకు ఇంకా ఎన్నో గంటలు పడుతుందన్నది అటుంచండి, 60 డిగ్రీలు దాటడానికే గంటలు పట్టవచ్చు. బోరు మోటర్లు నడిచే వేళ ఊళ్లలో ఫ్యాన్ ఎలా తిరుగుతుందో తెలిసినవాళ్లకు ఇది నేను విడమరచి చెప్పనక్కర్లేదు. కరెంటు పూర్తిగా పోతే ఇంకో చిక్కు. తిప్పే నాబ్‌తో పనిచేసే పాత్ర కరెంటు రాగానే మళ్లీ మొదలవుతుంది, ఎంతసేపు పోయిందో మనకు తెలియనివ్వదు. బటన్ల రకం చాలావరకు మళ్లీ మొదలవదు, సాయంత్రం మూత తీస్తే పచ్చి మాంసం వాసన వస్తుంది. ఇంట్లో లేనప్పుడు కరెంటు పోయిందని తెలిస్తే, ఎంతసేపో తేలకపోతే, ఆ కూర పారబోయాల్సిందే. ఎనిమిది వందల రూపాయల మాంసమని మొహమాటపడితే ఆసుపత్రికి అంతకన్నా ఎక్కువ అవుతుంది. ఇన్వర్టర్ ఉన్నవాళ్లు దాని లైను మీద పెట్టుకోవచ్చు, 240 వాట్లను అది మోస్తుంది.

అమెరికా నుంచి పిల్లలు తెచ్చిన పాత్రల సంగతి వేరు. వాటి మీద 120 వోల్టులని ఉంటుంది. పిన్ను మార్చే అడాప్టర్ పెట్టి నేరుగా మన గోడ సాకెట్లో పెడితే 240 వాట్ల పాత్ర దాదాపు 880 వాట్లు గుంజుతుంది. మా వీధిలో ఒకాయన అలాగే పెట్టారు. కాసేపటికే లోపలి తీగ మాడిపోయి, ఇల్లంతా కాలిన వాసన. పాత్రను మూలన పెట్టి, అందులోని మట్టి గిన్నెలో ఇప్పుడు బియ్యం పోసుకుంటున్నారు. అలాంటివాటికి వోల్టేజి తగ్గించే ట్రాన్స్‌ఫార్మర్ కావాలి, 500 వోల్ట్-ఆంపియర్లది సరిపోతుంది. దాని బరువు, ధర చూస్తే ఇక్కడే 230 వోల్టులది కొనుక్కోవడం తేలిక.

ఇంత చెప్పాక, నేనెలా వండుతానో రాయకపోతే ఉత్త ఫిర్యాదుదారు అంటారు.

మటన్ షాపులో ముప్పావు కిలో మేక మాంసం తీసుకుంటాను. దస్తీ (ముందుకాలి మాంసం), తొడ, నల్లి బొక్కలు కలిపి కొట్టించుకుంటాను. మెత్తటి బోన్‌లెస్ దీనికి దండగ. ఈ పాత్రకు పని చెప్పేది ముదురు కండే. అందులోని కొల్లాజెన్ అనే గట్టి పదార్థం 70 డిగ్రీలు దాటాక మెల్లగా జిలాటిన్ అనే మెత్తటి జిగురుగా మారి పులుసుకు చిక్కదనం ఇస్తుంది. ప్రెషర్ కుక్కర్ 120 డిగ్రీల దగ్గర అదే పని అరగంటలో చేసిపెడుతుంది, నిజమే. కానీ అందులోనే కూరగాయలు కూడా వేస్తే అవి ఆనవాలు లేకుండా పోతాయి. మాంసం, కూరగాయ రెండూ ముక్క ముక్కగా మిగలాలంటే నిదానం కావాలి. బ్రాయిలర్ కోడి దీనికి పనికిరాదు, రెండు గంటలు దాటితే పీచు పీచుగా విడిపోతుంది. నాటుకోడి అయితే బాగుంటుంది.

మీ వ్యాసంలోలాగా అన్నీ పచ్చివే వేసేస్తే ఉడుకుతాయి గానీ కూర కాదు. ఆసుపత్రిలో ఇచ్చే మాంసపు నీళ్లలా ఉంటుంది. ఆ పాత్ర 100 డిగ్రీలు దాటదు. ఉల్లిగడ్డ ఎర్రబడదు, అల్లమెల్లిగడ్డ పచ్చివాసన పోదు. అందుకని పొద్దున ఒక పదిహేను నిమిషాలు పొయ్యి దగ్గర గడపక తప్పదు. మూకుడులో నూనె, లవంగాలు, దాల్చినచెక్క, సన్నగా తరిగిన ఉల్లిగడ్డలు వేసి ఎర్రగా వేయిస్తాను. అల్లమెల్లిగడ్డ ముద్ద, పసుపు, ఆపైన మాంసం. నీరు ఇగిరి నూనె తేలేదాకా వేపి, కారం, ధనియాల పొడి, ఉప్పు వేస్తాను. ఉప్పు మామూలుగా వేసేదానికన్నా కాస్త తక్కువే, రుచి చివర్లో చూసుకోవచ్చు. మాంసం వేగుతుండగానే ఖాళీ పాత్రను 'హై' మీద పెట్టి ఉంచుతాను. వేడి మాంసాన్ని వేడి గిన్నెలోకి మార్చి తెర్లే నీళ్లు పోస్తాను. చల్లటి నీళ్లు పోయను. ఇందాక చెప్పిన 60 డిగ్రీల గండం ఇక్కడే దాటిపోతుంది. నీళ్లు కూడా పొయ్యి మీద పోసేదాంట్లో సగమే. మూత కింద ఆవిరి మళ్లీ కిందికే కారుతుంది గనుక నీరు తగ్గదు, కూరగాయలు తమ నీటిని ఇంకా కలుపుతాయి.

ఆలుగడ్డ, క్యారెట్ మాంసం కన్నా ఆలస్యంగా ఉడుకుతాయి ఇందులో. నమ్మబుద్ధి కాదు గానీ అంతే. వాటిని పెద్ద ముక్కలు కోసి మాంసం కింద, గిన్నె అడుగున గోడల పక్కన పరవాలి. టమాటలు, చింతపండు పులుసు మొదట్లోనే వేస్తే ఆలుగడ్డ గట్టిగానే ఉండిపోతుంది, పులుపు దాన్ని మెత్తబడనివ్వదు. పులుపు ఏదైనా దుంప ఉడికాకే. ఆనిగెపుకాయ (సొరకాయ), మునక్కాయ, వంకాయ చివరి గంటలో. పుంటికూర (గోంగూర) అయితే పక్కన విడిగా మగ్గించి అరగంట ముందు కలుపుతాను. పెరుగు, కొబ్బరిపాలు ఆఖరున, లేకపోతే విరుగుతాయి. హైదరాబాద్ దాల్చాలో పడే శనగపప్పు, మాంసం, ఆనిగెపుకాయ ఈ పాత్రకోసమే కలిశాయా అన్నట్టు కుదురుతాయి, కాకపోతే పప్పును ముందుగా విడిగా ఉడికించుకోవాలి. చివర గసాలు, ఎండుకొబ్బరి నూరిన ముద్ద, కొత్తిమీర. ముదురు మాంసమైతే 'హై' మీద నాలుగున్నర, ఐదు గంటలు పడుతుంది. 'లో' మీద ఎనిమిది. పాత్ర సగం కన్నా తక్కువ నింపినా, మూడింట రెండు వంతులు మించినా వేడి లెక్క తప్పుతుంది. మూత తీసి చూసిన ప్రతిసారీ ఇరవై, ముప్పై నిమిషాల వేడి పోతుంది. మా ఆవిడకు ఈ సంగతి తెలిసీ వాసన చూడటానికి తీస్తుంది, నేను గంట కలిపి లెక్క వేసుకుంటాను.

బియ్యం మాత్రం విడిగా. అందులోనే అన్నం కూడా చేయొచ్చని రాసినవారు ఒకసారి వండి తిని ఉంటారని నేననుకోను.

మీ వ్యాసంలో 'టైమర్ పెట్టి రెండు గంటల తర్వాత మొదలయ్యేలా చేసుకోవచ్చు' అని కూడా ఉంది. ఏప్రిల్, మే నెలల్లో మా ఊళ్లో 40 డిగ్రీలు దాటుతుంది. ఆ వేడిలో పచ్చి మాంసం రెండు గంటలు గిన్నెలో కూర్చుంటే అది టైమర్ కాదు, సూక్ష్మజీవులకు ఇచ్చిన గడువు. ఫ్రీజర్లోంచి తీసిన గడ్డను అలాగే వేయడమూ కూడదు, ముందు రోజు రాత్రే ఫ్రిజ్‌లో కింద అరకు దించి కరగనివ్వాలి. మిగిలిన కూరను మర్నాడు అందులోనే వేడి చేయొద్దు. పొయ్యి మీద తెర్లేదాకా కాచి తినాలి.

వ్యాసకర్త ఎవరో నాకు తెలియదు, తప్పు పట్టాలనీ లేదు. ఎక్కడిదో ఒక వంటకాన్ని చదివి మనకు పనికొస్తుందని రాసి ఉంటారు. కానీ మీ పత్రిక చదివి పాత్ర కొనేవాళ్లలో ఇద్దరూ ఉద్యోగాలు చేసేవాళ్లు, చిన్నపిల్లలున్నవాళ్లు ఎక్కువ. పొద్దున ఎనిమిదింటికి స్విచ్చి వేసి తలుపు తాళం వేసుకునేది వాళ్లే. వచ్చే ఆదివారం అదే పేజీలో, అదే సైజు అక్షరాల్లో రాజ్మాను అరగంట తెర్లించనిదే ఇందులో వేయరాదని వేయండి. చోటుంటే 120 వోల్టుల పాత్రల గురించి ఒక మాట కూడా కలపండి. వంటకాల పేజీ కింద మూలన సవరణ అని రెండు పంక్తులు వేస్తే అది చూసేవాళ్లుండరు, నేను కూడా చూడను.

ఇట్లు,
విశ్రాంత ఎలక్ట్రికల్ అధ్యాపకుడు,
హనుమకొండ