వృద్ధుల నాడి వేగం కూడా పుస్తకంలో రాయాలి

సంపాదకుడు గారికి నమస్కారం.

మన జిల్లాలో ఊరి ఆరోగ్య కేంద్రాల్లోనూ, 104 వాహనం వచ్చిన రోజునా పెద్దవాళ్ళకు బీపీ, షుగరు చూసి పుస్తకంలో రాసి ఇస్తున్నారు. ఎలక్ట్రానిక్ బీపీ మిషన్ మీద ఆ రెండు అంకెల కింద మూడో అంకె కూడా కనిపిస్తుంది. గుండె నిమిషానికి ఎన్నిసార్లు కొట్టుకుంటోందో అది చెబుతుంది. నేను చూసిన పుస్తకాల్లో చాలావాటిలో ఆ అంకె రాసి లేదు. అరవై దాటిన ప్రతి ఒక్కరికీ బీపీతో పాటు నాడి వేగాన్ని కూడా తప్పనిసరిగా రాయాలనీ, అది 50 కంటే తక్కువ ఉన్నా, లయ తప్పినట్టు అనిపించినా ఆలస్యం చేయకుండా ఈసీజీ తీయించాలనీ జిల్లా వైద్య ఆరోగ్య శాఖను మీ పత్రిక ద్వారా కోరుతున్నాను.

విశ్రాంతిగా ఉన్నప్పుడు గుండె నిమిషానికి 60 నుంచి 100 సార్లు కొట్టుకోవడం సాధారణం. ఏళ్ళ తరబడి ఒళ్ళు వంచి పనిచేసిన మనిషికి 55 ఉన్నా, ఏ ఇబ్బందీ లేకపోతే కంగారు పడనక్కరలేదు. అయితే ప్రతి గుండెచప్పుడుకూ మూలమైన విద్యుత్ సంకేతం గుండె కుడివైపు పై గదిలో పుడుతుంది. వయసు పెరిగేకొద్దీ అక్కడి కణాలు తగ్గి నార లాంటి గట్టి కణజాలం పేరుకుంటుంది, ఆ సంకేతం కింది గదులకు దిగే దారి కూడా దెబ్బతినవచ్చు. దారి పూర్తిగా తెగిపోతే కింది గదులు తమంతట తాము నిమిషానికి 30, 40 సార్లు మాత్రమే కొట్టుకుంటాయి. మెదడుకు రక్తం చాలక కళ్ళు తిరుగుతాయి, నాలుగడుగులు వేస్తే ఆయాసం వస్తుంది, ఉన్నట్టుండి స్పృహ తప్పుతుంది. మన ఇళ్ళల్లో వీటన్నిటికీ వయసు మీద పడిందని సరిపెట్టుకుంటున్నాం.

మా వీధిలో ఒక పెద్దావిడ పెరట్లో పడిపోతే, తీసుకెళ్ళిన ఆసుపత్రిలో దెబ్బకు కట్టు కట్టి, నీరసమని సెలైను ఎక్కించి పంపేశారు. మళ్ళీ పడినప్పుడు తుంటి ఎముక విరిగింది. ఆపరేషనుకు ముందు మత్తు డాక్టరు ఈసీజీ చూసి గుండె లయ దెబ్బతిందని చెప్పేదాకా, ఆవిడ ఎందుకు పడిపోతున్నారని అడిగినవారు లేరు.

మందుల సంగతి మరింత ముఖ్యం. బీపీకి ఇచ్చే అటెనొలాల్, మెటొప్రొలాల్, డిల్టియాజెమ్, గుండె జబ్బుకు ఇచ్చే డిగాక్సిన్, చివరికి గ్లకోమాకు (నీటికాసులకు) కంట్లో వేసుకునే టిమొలాల్ చుక్కలు కూడా నాడిని నెమ్మదింపజేస్తాయి. ఒకే మనిషి పలాసలో ఒక డాక్టరు రాసిన బిళ్ళ, శ్రీకాకుళంలో మరొకరు రాసిన బిళ్ళ, కంటి ఆసుపత్రిలో ఇచ్చిన చుక్కలు కలిపి వాడుతున్నా, ఆ మూడు చీటీలను ఒకచోట పెట్టి చూసేవారు ఉండరు. కవిటి, సోంపేట, కంచిలి, వజ్రపుకొత్తూరు వంటి మండలాలతో కూడిన, కిడ్నీ జబ్బు ఎక్కువగా ఉన్న మన ఉద్దానంలో ఇది మరీ ప్రమాదకరం. అటెనొలాల్ ఒంట్లోంచి ప్రధానంగా మూత్రపిండాల ద్వారానే బయటికి పోతుంది. కిడ్నీలు చెడినవారిలో అది పేరుకుపోతుంది. వారి రక్తంలో పొటాషియం కూడా పెరుగుతుంది, అది విడిగా గుండె వేగాన్ని తగ్గిస్తుంది. గుండె నెమ్మదిస్తే కిడ్నీకి రక్తం తగ్గుతుంది, కిడ్నీ ఇంకా చెడుతుంది, మందూ పొటాషియమూ ఇంకా పేరుకుంటాయి. పలాసలో 2023 డిసెంబరులో ప్రారంభమైన కిడ్నీ పరిశోధన కేంద్రం, 200 పడకల ఆసుపత్రి మనకు దగ్గరలోనే ఉన్నాయి కనుక, డయాలసిస్‌కు వచ్చే పెద్దవాళ్ళ నాడినీ, వాడుతున్న మందులన్నిటినీ కలిపి చూసే ఏర్పాటు అక్కడే మొదలుపెట్టవచ్చు. ఇలా మందుల వల్ల వచ్చిన నెమ్మది చాలాసార్లు మందు మార్చితేనే సర్దుకుంటుంది. అయితే నా ఉత్తరం చదివి ఎవరూ సొంతంగా బిళ్ళలు ఆపవద్దని ప్రార్థన. కొన్నిటిని ఒక్కసారిగా మానడం గుండెకు మరింత ప్రమాదం. థైరాయిడ్ తక్కువగా ఉన్నా నాడి నెమ్మదిస్తుంది కనుక ఆ పరీక్ష కూడా చేయించాలి.

లయ తప్పి కొట్టుకునే గుండెలో రక్తం గడ్డకట్టి, మెదడుకు చేరి పక్షవాతం తెచ్చే ప్రమాదం ఉంది. అలాంటి నాడిని మిషన్ తప్పుగా లెక్కించవచ్చు. అందుకే ఏఎన్‌ఎంలు మణికట్టు మీద వేళ్ళు పెట్టి నిండా ఒక నిమిషం లెక్కపెట్టాలి. పని ఒత్తిడిలో ఉన్న వారికి అది అదనపు భారమే. అయినా ఆ ఒక్క నిమిషం ఇవ్వవలసినదే.

మందులతో గానీ ఇతర కారణాలతో గానీ సంబంధం లేకుండా గుండెలో సంకేతం పుట్టే చోటో, దిగే దారో దెబ్బతింటే పేస్‌మేకర్, అంటే గుండెకు విద్యుత్ సంకేతం అందించే చిన్న పరికరం, అవసరమవుతుంది. దాని పేరు చెబితే ఇంట్లోవాళ్ళు ఈ వయసులో కోతలెందుకని వెనకాడతారు. 1958లో స్వీడన్‌లో ప్రపంచంలోనే మొదటిసారి ఒంట్లో పేస్‌మేకర్ అమర్చుకున్న వ్యక్తి, పరికరాలు మార్చుకుంటూ 2001లో 86 ఏళ్ళ వయసు దాకా జీవించారు. సాధారణంగా మెడ దిగువనుండే కాలర్ ఎముక కింద చర్మంలో చిన్న కోతతో అయిపోయే పని ఇది. ఎన్టీఆర్ వైద్య సేవలో ఈ చికిత్స ఉంది. ఆ మాట ఆశా కార్యకర్తల నోట ఇంటింటికీ చేరాలి.

పేస్‌మేకర్ పెట్టించుకున్నవారికి బ్యాటరీ తనిఖీ ఎప్పటికప్పుడు జరగాలి. దానికోసం ఇచ్ఛాపురం నుంచి విశాఖ దాకా వెళ్ళిరావడం ఎనభై ఏళ్ళ మనిషికి మాటలు కాదు. శ్రీకాకుళం ప్రభుత్వ సర్వజన ఆసుపత్రిలో నెలకొక రోజు ఈ తనిఖీకే కేటాయించి, ఆ తేదీని అన్ని మండల కేంద్రాల్లో ముందుగా ప్రకటించాలని కూడా అధికారులను కోరుతున్నాను.

ఇట్లు,
ఒక విశ్రాంత ఉపాధ్యాయుడు,
టెక్కలి, శ్రీకాకుళం జిల్లా