ఆ కొంగలు సైబీరియావి కావు

సంపాదకులకు నమస్కారం.

ఆంధ్రప్రదేశ్‌లోని తేలినీలాపురం, వీరాపురం గ్రామాల చెట్ల మీదికి కొంగలు చేరినప్పుడల్లా, అవి సైబీరియా నుంచి వేల కిలోమీటర్లు ఎగిరి వచ్చాయన్న వార్త పత్రికల్లో కనిపిస్తూనే ఉంది. అక్కడ గూళ్లు కట్టే ఎర్రకాళ్ల కొంగలు, గూడబాతులు దక్షిణ, ఆగ్నేయాసియా పక్షులే. చెరువుల్లో నీళ్లు, చేపలు ఉన్నచోటును బట్టి ఈ ప్రాంతంలోనే తిరుగుతాయి.

అచ్చయిన మాట ఎంతకాలం నిలుస్తుందో చెప్పడానికి ఓలాస్ మాగ్నస్ చాలు. స్వీడన్‌కు దూరమై బతికిన ఈ మతాచార్యుడు ఏళ్ల తరబడి శ్రమించి, 1539లో వెనిస్‌లో తొమ్మిది పలకల ఉత్తర ఐరోపా పటాన్ని అచ్చు వేయించారు. సముద్రం నిండా ఓడలను చుట్టేసే సర్పాలున్నా, అది ఆ కాలానికి అపురూపమైన పటం. ఆయనే 1555 నాటి గ్రంథంలో, వలస పోయే స్వాలో పిట్టలు శీతకాలంలో ముక్కుకు ముక్కు, రెక్కకు రెక్క చేర్చి నీటి అడుగున ఉంటాయని, జాలర్ల వలల్లో ముద్దలుగా పడతాయని రాశారు. పక్కన బొమ్మ కూడా వేయించారు. జాలర్ల మాట నమ్మిన ఆయనను నేను తప్పుపట్టలేను. అయితే రెండు శతాబ్దాల తర్వాత జీవుల వర్గీకరణకు బాట వేసిన శాస్త్రవేత్త లిన్నేయస్ అంతటివాడు కూడా ఆ తప్పునే నమ్మాడు.

1899లో డెన్మార్క్ ఉపాధ్యాయుడు మోర్టెన్‌సెన్ గోరింక కుటుంబానికి చెందిన స్టార్లింగ్ పక్షుల కాళ్లకు అంకెలు చెక్కిన అల్యూమినియం ఉంగరాలు తొడిగినప్పటి నుంచి, ఉంగరమున్న పక్షి మరోచోట దొరికితే గుర్తుపట్టి, ఊహకు బదులు ఆధారంతో వలస దారులు గీయడం సాధ్యమైంది. కనుక ఇకపై వలస పక్షుల వార్తతో పాటు, ఆ జాతి నిజంగా తిరిగే ప్రాంతాల పటాన్ని కూడా ప్రచురించవలసిందిగా కోరుతున్నాను.

— ఒక పాఠకుడు