వార్షిక నివేదిక 2025–26

సభ్యులందరికీ నమస్కారం.

వైద్య శిబిరం, వినాయక చవితి, మొక్కలు నాటడం ఎప్పటిలాగే జరిగాయి. వివరాలు నోటీసు బోర్డులో పెట్టాం కాబట్టి మళ్లీ రాయడం లేదు. ఈ ఏడాది మనం గర్వంగా చెప్పుకోవలసింది మన కాలనీ పెద్దాయనకు చేసిన సన్మానం.

ఆయన విశాఖ షిప్‌యార్డులో వెల్డరుగా రిటైరయ్యారని అందరికీ తెలుసు. పగలు డ్యూటీ చేసి రాత్రిళ్లు రిహార్సల్స్‌కి వెళ్లిన నటుడని ఈ తరానికి తెలియదు. కన్యాశుల్కం నాటకంలో లుబ్ధావధాన్లు ఆయనకు పేరు తెచ్చిన వేషం. ముప్పై ఏళ్లకే జుట్టుకి తెల్లరంగు పూసుకుని ఆ ముసలాయనగా ఆడేవారు. ఇప్పుడు ఆయనకు 78. కాలేజీ కుర్రాళ్లు షార్ట్ ఫిల్ములో తాత పాత్రకు మనిషి కావాలని వస్తే ఆయన దగ్గరికి పంపాం. పూర్ణా మార్కెట్‌లో, లాసన్స్ బే ఒడ్డున తీశారు. ఒక సీనులో కొడుకు ఫోను పెట్టేశాక కూడా ఆయన "ఆఁ, ఆఁ" అంటూనే ఉంటారు. చివరి వరుసకు వినపడేలా పలికిన గొంతును కెమెరా ముందు అంత తగ్గించడం సాధన లేనిదే రాదు. ఆ వీడియో ఫోన్లలో బాగా తిరిగింది. రైతుబజారులో ఆయన్ని గుర్తుపట్టి పలకరిస్తున్నారు. ఒక వెబ్ సిరీస్ వాళ్లు అడ్వాన్సు ఇచ్చి మరీ పిలిచారు.

జె.వి. సోమయాజులు గారూ డిప్యూటీ కలెక్టరు ఉద్యోగం చేస్తూ ఏళ్ల తరబడి అదే కన్యాశుల్కంలో రామప్ప పంతులు వేషం కట్టినవారే. 1980లో శంకరాభరణం సినిమా వచ్చాకే, యాభై దాటిన వయసులో, ఊరూరా తెలిశారు. ఉత్తరాంధ్ర స్టేజీ మీద ఇలాంటి నటులు ఇంకా ఉన్నారు, చూసేవాళ్లే కావాలి.

ఏప్రిల్ 16న, కందుకూరి వీరేశలింగం గారి జయంతి నాడు, తెలుగు నాటకరంగ దినోత్సవంగా సభ పెట్టాం. శాలువా కప్పగానే పెద్దాయన దాన్నే పైపంచెగా సర్దుకుని లుబ్ధావధాన్లు సీను మొదలుపెట్టారు. ఆడవాళ్ల వరుసల నుంచి ఒన్స్ మోర్ వచ్చింది. మళ్లీ ఆడారు, రెండోసారి ఇంకా బాగుంది.

షామియానా ఉచితంగా వేసిన టెంట్‌హౌస్ వారికి, టిఫిన్లు పంపిన హోటల్ వారికి, పూలదండలు కట్టిన మహిళా విభాగానికి, మైకు పెట్టిన తమ్ముడికి, హార్మోనియం మాస్టారికి కృతజ్ఞతలు. కుర్చీలు మేము సర్దుతామని వాట్సాప్‌లో బొటనవేలు పెట్టినవారిలో సగం మంది ఆ రోజు కనపడలేదు. కోశాధికారి గారు, నేను, వాచ్‌మన్ కలిసి మోశాం. ఇది బాధతోనే రాస్తున్నాను.

60 దాటిన కళాకారులకు కేంద్ర సాంస్కృతిక శాఖ ఇచ్చే నెలవారీ సాయం కోసం హార్మోనియం మాస్టారి దరఖాస్తు పెట్టించాం. ఆఫీసుకు ఎప్పుడు వెళ్లినా సీట్లో మనిషి ఉండరు, ఉంటే ఇంకో కాగితం అడుగుతారు. డెబ్బై దాటిన మనిషిని అన్ని మెట్లు ఎక్కించడం న్యాయం కాదు.

జమాఖర్చుల పట్టిక జతచేశాం, ఆడిటరు గారు సంతకం చేశారు.

ఆదివారం సాయంత్రాలు పెద్దాయన పిల్లలకు నాటకం నేర్పుతానన్నారు. హాలు అద్దె లేకుండా ఇచ్చేలా తీర్మానం చేయాలని కోరుతున్నాను. పిల్లల పేర్లు కోశాధికారి గారికి ఇవ్వండి.

ఇట్లు,
కార్యదర్శి