ఆ మూకీ ఆడాల్సిన వేగం అది కాదు

సంపాదకులకు నమస్కారం.

'నవ్వులు పూయించిన ఇటలీ మూకీ' అని పోయిన ఆదివారం జిల్లా పేజీలో మీరు వేసిన వార్త చదివి నాలుగు రోజులు ఊరుకున్నాను. ఇక ఉండబట్టక రాస్తున్నాను. ఆ సినిమా వేసిన సాయంత్రం హాల్లో నేనూ ఉన్నాను. జనం నవ్విన మాట నిజమే. కానీ ఆ నటి అతి చేయడం వల్లే నవ్వారని మీ విలేకరి రాయడం అన్యాయం.

ఆ మూకీ, 'రప్సోదియా సతానికా', ముప్పావుగంట సినిమా. ఆ రోజు అరగంటకే అయిపోయింది. గడియారం చూసి చెబుతున్నాను. ముప్పై ఏళ్లు సినిమాహాల్లో ఆపరేటరుగా చేసినవాణ్ని, బొమ్మ నడక చూడగానే తెలిసిపోయింది. చేత్తో తిప్పే కెమెరాలతో తీసిన అలాంటి మూకీలు సెకనుకు 16, 18 ఫ్రేముల చొప్పున ఆడాలి. టాకీల లెక్కన 24 పెడితే ఎంతటి నటి అయినా గెంతులేసినట్టే ఉంటుంది.

ముసలి దొరసాని ఆల్బా మెఫిస్టో అనే సైతానుతో ఒప్పందం చేసుకుంటుంది. పోయిన వయసు తిరిగొస్తుంది, కానీ ఎవరినీ ప్రేమించకూడదు. మనసు మాట వినదు. మాటల్లేని సినిమాలో ఆ పెనుగులాటంతా అద్దాలే, మేలిముసుగులే చెప్పాలి. చివర్లో ఆల్బాగా వేసిన లిడా బొరెల్లి అద్దాల ముందు నిలబడి పల్చటి ముసుగుల్ని ఒంటికి చుట్టుకుంటుంది. పెళ్లికి ముస్తాబవుతోందో, చావుకో తెలియదు. ఆమె ఆశా భయమూ ఆ చేతుల నెమ్మదిలోనే ఉన్నాయి. మన హాల్లో ఆ చేతులు తడిబట్టలు దులిపినట్టు ఆడాయి.

మస్కాన్యి అంతటి సంగీతకారుడు దృశ్యాల నిడివి కొలుచుకుని ఈ సినిమాకు సంగీతం కట్టాడు. అది తీసేసి కీబోర్డు మీద పెళ్లిపాటలు వాయించారు. ఇటలీలోని బొలోన్యాలో రంగులతో సహా బాగుచేసిన కాపీ ఉండగా, వెలిసిపోయిన నలుపు తెలుపు కాపీ వేశారు. ఈ సినిమా తీసిన నీనో ఒక్సీలియా 28 ఏళ్లకే 1917లో యుద్ధంలో చనిపోయాడు. అతని పేరు కూడా వేదిక మీద ఎవరూ ఎత్తలేదు.

శాలువాలకూ ఉపన్యాసాలకూ గంటన్నర పట్టింది. సినిమా ముందుగా వేసి చూసుకోవడానికి మాత్రం అధికారులకు పది నిమిషాలు దొరకలేదు. మొన్న హరికథ నాడు మైకు పనిచేయలేదు, అంతకుముందు తోలుబొమ్మలాటకు దీపమే సరిగా పెట్టలేదు. అడిగితే నిధులు లేవంటారు. ఫ్లెక్సీలకు ఎక్కణ్నుంచి వస్తున్నాయి? మన రఘుపతి వెంకయ్య గారి కాలపు మూకీలు మనం దక్కించుకోలేకపోయాం. పరాయి దేశంవాళ్లు దక్కించుకున్నవాటినైనా సరిగా చూపించలేమా?

వచ్చే నెల 'ఇల్ ఫువోకో' అనే మరో ఇటలీ మూకీ వేస్తారట. నిప్పురవ్వ, మంట, బూడిద అని మూడు భాగాలుగా సాగే సినిమా అది. అందులో నటి పీనా మెనికెల్లి దీపం పగలగొట్టే ఘట్టాన్ని కూడా పరుగులు పెట్టించి నవ్వులాట చేయకండని నిర్వాహకులకు మీ పత్రిక ద్వారా చెబుతున్నాను. ముందురోజు కబురు పెడితే నేనే వచ్చి వేగం సరిచూస్తాను. డబ్బులేమీ వద్దు.

— ఒక పాత సినిమాహాలు ఆపరేటరు