నగరం సినిమాల్లో మా బస్టాండు ఎక్కడ?

సంపాదకులకు నమస్కారం.

నగరాల మీద వచ్చిన అంథాలజీ సినిమాల గురించి మీ ఆదివారం అనుబంధంలో వేసిన వ్యాసం చదివాను. నాలుగైదు ఇళ్ల కథలు విడివిడిగా నడవడం, ఏ పేలుడో అల్లరో జరిగి ముక్కూ మొహం తెలియనివాళ్లు ఒకచోట చేరడం, ఇదంతా బాగా వివరించారు. ఒక్క సంగతి వదిలేశారు. ఆ కథల్లో తిరిగే మనుషుల్లో చాలామంది ఆ నగరంలో పుట్టినవాళ్లు కారు. వాళ్లు ఎక్కడి నుంచి వచ్చారో, వెనక ఎవరిని వదిలి వచ్చారో అటు సినిమాలూ చెప్పవు, ఇటు మీ వ్యాసమూ అడగలేదు.

నేను ఆర్టీసీలో కండక్టరుగా చేసి రిటైరయ్యాను. పాలమూరు నుంచి షోలాపూర్, పుణె మీదుగా బొంబాయి పోయే బస్సులో డ్యూటీలు పడేవి. ఇప్పుడు అందరూ ముంబయి అంటున్నారు గానీ మా దిక్కు ఇంకా బొంబాయే. బస్సు నిండా పారలు, తట్టలు, బట్టల మూటలు, దారికి కట్టుకున్న జొన్న రొట్టెలు. వలస కూలీల్ని పనికి తోలుకుపోయే గుంపు మేస్త్రీ ఒక్కడే పదిమందికీ టికెట్లు తీసుకునేవాడు. ఆ డబ్బు ఊరికే పోదు, రేపు వాళ్ల లెక్కలో అడ్వాన్సు కింద రాసుకుంటాడు. అంటే పనిలో దిగకముందే బస్సు చార్జీ కూడా అప్పయి కూర్చునేది. నగరం కథ నా దృష్టిలో అక్కడే మొదలు.

‘బొగ్గుబాయి, బొంబాయి, దుబాయి’ అని మనవాళ్లు ఊరికే అనలేదు. తెలంగాణ నుంచి పోయిన కమాఠీలనే కూలీలు రెండు వందల ఏళ్ల కిందటే ఆ నగరంలో రోడ్లు వేసి, ఇళ్లు కట్టి, తమ పేరుమీదే ఒక బస్తీ నిలబెట్టారు. సినిమాల్లో కమాఠీపుర అంటే రెడ్‌లైట్ ఏరియాగా తప్ప ఇంకోలా కనిపించదు. ఇటుకలు మోసినవాళ్ల ఊసే ఉండదు.

నాకు నచ్చిన సినిమాతోనే నా ఫిర్యాదు చెబుతాను. 2006 జులై 11 సాయంత్రం బొంబాయి లోకల్ రైళ్లలో 11 నిమిషాల్లో 7 బాంబులు పేలి 180 మందికి పైగా చనిపోయారు. దాని తర్వాతి రోజుల మీద నిశికాంత్ కామత్ 2008లో ‘ముంబయి మేరీ జాన్’ తీశారు. రిటైర్మెంటుకు దగ్గరపడ్డ కానిస్టేబులుగా పరేశ్ రావల్‌ది గొప్ప పాత్ర. ఉద్యోగమంతా చూసీ చూడనట్టు గడిపేసిన మనిషి చివర్లో లెక్క చూసుకుంటే ఎట్లుంటుందో, ఖాకీ వేసుకున్న నాలాంటివాడికి వేరే చెప్పనక్కర్లేదు. టీవీ రిపోర్టరమ్మ భాగం మాత్రం నాకు కాస్త పాఠం చెప్పినట్టు అనిపించింది. ముస్లిం కనబడితే చాలు అనుమానించే సురేశ్ భాగం అప్పటికంటే ఇప్పుడు ఎక్కువ తగులుతుంది. ఆ పేలుళ్ల కేసులో పడిన శిక్షలను 2025 జులైలో బొంబాయి హైకోర్టు కొట్టేసింది, ప్రభుత్వం సుప్రీంకోర్టుకు పోయింది. ఏళ్ల తరబడి నడిచిన ఆ కేసును గుర్తు పెట్టుకుని సురేశ్‌ను మళ్లీ చూడండి.

ఇక ఇర్ఫాన్ ఖాన్ వేసిన థామస్. దక్షిణాది నుంచి వలస పోయి సైకిలు మీద కాఫీ అమ్ముకునేవాడు. భార్యాబిడ్డలతో పెద్ద మాల్‌కు పోయి, అక్కడ సెంటు వాడి చూసినందుకు అందరి ముందూ అవమానపడి బయటికి వస్తాడు. ఆ మంటతో మాల్స్‌కు ఫోన్లు చేసి బాంబుందని బెదిరిస్తుంటాడు. ఆ గందరగోళంలో ఒక పెద్దాయన గుండెపోటుతో కూలిపోయాక గానీ మానుకోడు. అంత మంచి పాత్ర రాసినవాళ్లు అతని ఊరి వైపు కెమెరా తిప్పలేదు. తన అవమానం గురించి ఊళ్లో అమ్మకు ఫోన్‌లో ఏమని చెప్పుకున్నాడు? అసలు చెప్పుకున్నాడా? బొంబాయి బస్సులో తిరుగు ప్రయాణం వచ్చేవాళ్లు మేడలు, సముద్రం, సినిమావాళ్ల ఇళ్ల గురించే చెప్పేవాళ్లు. పడ్డ మాటలు ఒక్కరూ చెప్పేవాళ్లు కాదు.

మన తెలుగులో ఈ పని కొంత జరిగింది. క్రిష్ 2010లో తీసిన ‘వేదం’లో డిసెంబరు 31 రాత్రి హైదరాబాద్ ఆసుపత్రిలో చేరే మనుషుల్లో సిరిసిల్ల నేతన్న రాములు ఉన్నాడు. అతని దగ్గరున్నది మనవడి కోసం, అప్పు కోసం కోడలు కిడ్నీ అమ్ముకున్న డబ్బు. దాన్నే కేబుల్ రాజు లాక్కుని పోయి, మళ్లీ తెచ్చి ఇస్తాడు. నగరం కుర్రాడి సరదాకూ పల్లె అప్పుకూ ముడి అక్కడ సరిగ్గా పడింది.

మరి మా కథ? 2013 ఫిబ్రవరి 21 సాయంత్రం దిల్‌సుఖ్‌నగర్ బస్‌స్టాపు దగ్గర జంట పేలుళ్లు. నల్లగొండ, దేవరకొండ బస్సులు పోయే దారి అది. కోచింగుల కోసం పోయిన మా పిల్లలు హాస్టళ్లలో ఉండేదీ, టిఫిన్ చేసేదీ అక్కడే. ఆ రాత్రి ఇక్కడి ఇళ్లలో టీవీ ముందు కూర్చుని, ఫోన్లు కలవక అమ్మానాన్నలు పడ్డ యాతన సినిమాకు పనికిరాదా? సగం కథ దిల్‌సుఖ్‌నగర్‌లో, సగం దేవరకొండ బస్టాండులో నడిపించొచ్చు. బస్టాండులో ఆ రాత్రి డిపో ఫోను మోగితే అందరూ ఒకేసారి లేచి నిలబడతారు. ఇంతకంటే ఏం కావాలి?

ప్రభుత్వాన్ని ఒకటి అడుగుతున్నాను. నంది అవార్డుల స్థానంలో గద్దర్ పేరు పెట్టి 2025 జూన్‌లో ఘనంగా అవార్డులిచ్చారు. సంతోషం. ఆ పేరు పెట్టుకున్నాక వేదిక హైదరాబాద్ దాటాలి. రవీంద్ర భారతిలో పాతతరం హిందీ నటుడు పైడి జైరాజ్ పేరున చిన్న థియేటరుంది. భాషా సాంస్కృతిక శాఖ అక్కడ ‘సినివారం’ అని శనివారాలు చిన్న సినిమాలు వేయడం మొదలుపెట్టింది. అదే పని పాలమూరు, నల్లగొండ, నాగర్‌కర్నూలు, నారాయణపేటలో జిల్లా గ్రంథాలయాల్లో చేయడానికి పెద్ద ఖర్చేమీ కాదు. ఇట్లాంటి సినిమాలు మా హాళ్లకు వస్తే శుక్రవారం వచ్చి సోమవారానికి మాయమవుతాయి, లేదంటే రావు. హిందీ సినిమాకు కింద తెలుగు అక్షరాలు వేయండి, అంతే. పాలమూరు విశ్వవిద్యాలయం కుర్రాళ్లకు ఒక స్క్రిప్టు పోటీ పెట్టండి, వలస ఇళ్ల నుంచి వచ్చిన పిల్లలు అక్కడ చదువుతున్నారు. రాయడానికి వాళ్ల దగ్గర ఉన్నంత సరుకు ఫిల్మ్‌నగర్‌లో ఉండదు.

వేసేటప్పుడు తేదీలు చూసుకుని వేయమని మనవి. పీర్ల పండుగకు, దసరాకు బొంబాయి, పుణె పోయినవాళ్లు ఊళ్లకు వస్తారు. ఆ రోజుల్లో రాత్రి ఏడు దాటాక వేస్తే వాళ్లూ చూస్తారు. పగటిపూట పెట్టి, జనం రాలేదని రిపోర్టు రాసుకోవద్దు.

ఇట్లు,
ఒక రిటైర్డ్ కండక్టర్,
నారాయణపేట