చేతి కాటుకు చీటీ మీద ‘కుక్కకాటు’ అని రాస్తే చాలదు

అయ్యా,

విశాఖ నగరంలో కుక్కకాట్ల మీద వార్త వచ్చినప్పుడల్లా అందులో ఒక అంకె ఉంటుంది. ఆ అంకెలో పెంపుడు కుక్కల కాట్లెన్ని, వీధి కుక్కలవెన్ని, చేతికి తగిలినవెన్ని అన్నది తెలియదు. ఒకే మనిషి టీకా కోసం నాలుగుసార్లు వస్తే ఒకసారి లెక్కించారా, నాలుగుసార్లు లెక్కించారా అన్నదీ తెలియదు. ఇందులో విలేకరుల తప్పేమీ లేదు. ఓపీ చీటీ మీద డాక్టరు ఏం రాస్తే రికార్డుల గదిలో దానికే కోడ్ (జబ్బుకు, గాయానికి వేసే అక్షరాలు, అంకెల గుర్తు) పడుతుంది. మెడికల్ రికార్డులు, కోడింగ్ పని తెలిసినవాళ్లుగా ఈ విషయాన్ని కాస్త వివరంగా చెప్పాలనుకుంటున్నాం.

మన ఆసుపత్రుల రికార్డులకు ఆధారం ప్రపంచ ఆరోగ్య సంస్థ ఐసీడీ-10, అంటే జబ్బులు, గాయాల కోడ్ల పట్టిక. అందులో మణికట్టుకు, చేతికి అయిన తెగిన గాయాలన్నీ ఎస్61 కిందికి వస్తాయి. గోరు దెబ్బతినకుండా వేలికి గాయమైతే ఎస్61.0, గోరు కూడా దెబ్బతింటే ఎస్61.1, చేతికి పలుచోట్ల ఉంటే ఎస్61.7. అయితే కాటుకని ఇక్కడ వేరే కోడ్ లేదు. కత్తిపీట తెగినా, కుక్క కొరికినా అదే ఎస్61.0. తేడా చెప్పేది దాని పక్కన వేయాల్సిన కారణం కోడ్ ఒక్కటే: కుక్కకు డబ్ల్యూ54, పిల్లి, కోతి వంటివాటికి డబ్ల్యూ55, ఎలుకకు డబ్ల్యూ53. ఈ రెండో కోడ్ వదిలేశారంటే ఆ కాటు రికార్డుల్లోంచి పూర్తిగా మాయమైనట్టే. మా దృష్టిలో అన్నిటికన్నా పెద్ద లోపం ఇదే.

ఆ కారణం కోడ్‌లో నాలుగో అంకె సంఘటన జరిగిన జాగాను చెబుతుంది. సున్నా అంటే ఇల్లు, 4 అంటే వీధి లేదా రోడ్డు. బీచ్ రోడ్డులో కుక్క కరిస్తే డబ్ల్యూ54.4, ఇంట్లో కరిస్తే డబ్ల్యూ54.0. విశాఖలో కోడింగ్ నేర్చుకునే పిల్లల్లో ఎక్కువమంది చదివేది మాత్రం అమెరికా వాళ్ల ఐసీడీ-10-సీఎం, ఉద్యోగాలు అమెరికా ఆసుపత్రుల బిల్లుల పనిలోనే ఉన్నాయి కనుక. ఆ పుస్తకంలో డబ్ల్యూ54.0 అంటే కుక్క కరవడం, డబ్ల్యూ54.1 అంటే కుక్క వచ్చి గుద్దుకోవడం. జాగాకు వై92 అని విడిగా మరో వరుస ఉంది. అక్కడ నేర్చుకున్న అలవాటుతో ఇక్కడ రోడ్డు మీది కాటుకు డబ్ల్యూ54.0 వేస్తే అది ఇంటి కాట్ల లెక్కలో చేరిపోతుంది. వీధి కుక్కల ఆపరేషన్లు, టీకాలు ముందు ఏ వార్డులో చేపట్టాలో నగరపాలక సంస్థ జీవీఎంసీ తేల్చుకోవాలంటే పనికొచ్చే లెక్క ఇదే. అది మొదట్లోనే తారుమారైతే ఎవరికి ఉపయోగం?

అమెరికా పుస్తకంతో పనిచేసేవారికి చిక్కులు ఇంకో రకం. అక్కడ చేతి కాటుకు సొంత కోడ్ ఉంది: కుడి చేతికి ఎస్61.451, ఎడమ చేతికి ఎస్61.452, ఏ చెయ్యో రాయకపోతే ఎస్61.459. ‘కుక్క కరిచి 3 సెంటీమీటర్లు చీరుకుపోయింది, కుట్లు వేశాం’ అని నోట్స్‌లో ఉంటే కొత్తవాళ్ల కళ్లు ‘చీరుకుపోయింది’ దగ్గరే ఆగిపోయి ఎస్61.411 వేసేస్తారు. చర్మం చీలినా, పన్ను గుచ్చుకున్నా కాటు వల్లే అయినప్పుడు కాటు కోడే వేయాలి. బొటనవేలు మిగతా వేళ్లలో కలవదు: కుడి బొటనవేలు ఎస్61.051, కుడి చూపుడువేలు ఎస్61.250. గోరు దెబ్బతింటే ఇవే ఎస్61.151, ఎస్61.350 అవుతాయి. చివర వచ్చే ఏడో అక్షరం ‘ఏ’ తొలి రాకకు గుర్తని చాలామంది అనుకుంటారు. గాయానికి అసలు వైద్యం సాగుతున్నంతకాలం అది ‘ఏ’నే, మూడో రోజు వేరే సర్జన్ దగ్గర శుభ్రం చేయించుకున్నా సరే. మానుతున్న గాయానికి కట్టు మార్చడం దగ్గర్నుంచి ‘డీ’ మొదలవుతుంది.

పిల్లి కాటు చూపును మోసం చేస్తుంది. పైకి రెండు చుక్కలే కనిపిస్తాయి. సూదిలాంటి పళ్లు స్నాయువు (కండరాన్ని ఎముకకు కలిపే తాడు) దాకా దిగి ఉంటాయి, మర్నాటికి చెయ్యి వాచిపోతుంది. డాక్టరు ‘చిన్న గాయం’ అని రాస్తే పైపై కాట్ల ఎస్60 కోడ్ పడుతుంది. అందుకే లోతు రాయాలి. చీము పట్టినా, వేలు వంచలేకపోయినా అదీ రాయాలి, వాటికి విడి కోడ్లున్నాయి. పిడికిలితో ఎదుటివాడి మూతి మీద గుద్దినప్పుడు మెటిక మీద పన్ను దిగే గాయం ఇంతకన్నా ప్రమాదం. పిడికిలి విప్పగానే స్నాయువు జరిగి లోపలి రంధ్రాన్ని మూసేస్తుంది, నోటి క్రిములు కీలులోనే ఉండిపోతాయి. వచ్చినవారు మాత్రం గోడకు తగిలిందనే చెబుతారు. మెటిక మీద గాయం చూస్తే గట్టిగా అడగాలి. గొడవలో తగిలిందని తేలితే కారణం కోడ్ వై04, పసిపిల్లలు పొరపాటున కొరికితే డబ్ల్యూ50.

ఫిషింగ్ హార్బర్ ఉన్న ఊరు కనుక ఒక మాట. వల విప్పుతుండగా జెల్ల ముల్లో టేకు చేప ముల్లో చేతికి గుచ్చుకుంటే అది కాటు కాదు, విషమున్న ముల్లు. దానికి టీ63.5 రావాలి. ముల్లు ముక్క లోపల విరిగి ఉంటే ఆ సంగతీ నోట్స్‌లో ఉండాలి.

ఇక రేబిస్ టీకా లెక్క. తొలి రాకలో గాయం కోడ్, కారణం కోడ్ రెండూ వేయాలి. చర్మంలోకి ఇచ్చే పద్ధతిలో 0, 3, 7, 28 రోజుల్లో డోసులు పడతాయి. తర్వాతి మూడు రాకలకు టీకా అవసరం కోడ్ జెడ్24.2 వేయాలి గానీ మళ్లీ కొత్త కాటుగా రాయకూడదు. అలా రాస్తే ఒక కాటు నాలుగైపోతుంది. రేబిస్ ముప్పును బట్టి గాయం ఏ కేటగిరీయో ఏ కోడూ చెప్పదు, డాక్టరే రాయాలి. చేతి వేళ్లలో నరాలు ఎక్కువ. పన్ను దిగి చర్మం తెగితే అది కేటగిరీ 3, టీకాతోపాటు ఇమ్యునోగ్లోబ్యులిన్ (రేబిస్‌ను అడ్డుకునే సిద్ధంగా ఉన్న యాంటీబాడీల మందు) కూడా కావాలి. మనిషి నుంచి తీసినదైతే కిలో బరువుకు 20 యూనిట్లు, గుర్రం నుంచి తీసినదైతే 40. దాన్ని గాయంలోనూ చుట్టూనూ ఎక్కించాలి. వేలి కొసలో చోటు తక్కువ, బలవంతంగా ఎక్కిస్తే రక్తప్రసరణ దెబ్బతింటుంది. అందుకే గాయంలో ఎంత పట్టిందో చీటీ మీద నమోదు కావాలి.

ఆసుపత్రుల వారిని మేం కోరేది ఒక రబ్బరు స్టాంపు మాత్రమే. అందులో ఏ జంతువు, పెంపుడుదా వీధిదా, ఎక్కడ కరిచింది, కుడా ఎడమా, ఏ వేలు, గోరు, లోతు, కేటగిరీ, ఎన్నో డోసు అన్న గళ్లు చాలు. ఓపీలో ఎంత రద్దీ ఉన్నా ఆ గళ్లు నింపడానికి నిమిషం పట్టదు. కాటు తగిలినవారు కూడా ముందు సబ్బుతో, పారే నీళ్లలో 15 నిమిషాలు కడుక్కుని రావాలి. చీటీ చేతికి రాగానే అందులో ఏ చెయ్యి, ఏ వేలు అని రాశారో లేదో చూసుకుని, లేకపోతే అక్కడే రాయించుకోవాలని మనవి.

ఇట్లు,
మెడికల్ రికార్డులు, కోడింగ్ పనిలో ఉన్న కొందరం,
విశాఖపట్నం